రాజకీయ హత్య వెనుక ‘విదేశీ హస్తం’ ఉందంటే ఎలా పరిశీలించాలి: రాజీవ్ గాంధీ కేసుతో ఒక సమగ్ర మార్గదర్శి

ఏటా మే 21 దగ్గర పడగానే మా కుటుంబం వాట్సాప్ గ్రూపులో ఒక ఫార్వర్డ్ వస్తుంది. రాజీవ్ గాంధీని చంపుతారని అమెరికా గూఢచార సంస్థ సీఐఏకు ఐదేళ్ళ ముందే తెలుసని, అసలు చేయించిందే వాళ్ళని, పత్రాలు బయటపడినా మనకెవరూ చెప్పడం లేదని దాని సారాంశం. పంపేది మా బాబాయి. ఆయన అబద్ధాలాడే మనిషి కాదు. 1991 మే 21న రాజీవ్ మద్రాసు వెళ్ళింది విశాఖపట్నం నుంచే. ఆ రోజు విశాఖలో ఆయన్ని చూడ్డానికి వెళ్ళిన జనంలో మా బాబాయి కూడా ఉన్నాడు. “చేయి ఊపి వెళ్ళిన మనిషి తెల్లారేసరికి లేడురా” అంటాడు ఇప్పటికీ. అంత పెద్ద ఘోరం వెనుక అంతకంటే పెద్ద శక్తి ఏదో ఉండే తీరాలని ఆయన మనసు చెబుతుంది.

ఆ బాధను నేను గౌరవిస్తాను. అయినా ఆ ఫార్వర్డ్‌ను అలాగే వదిలేయలేను, ఎందుకంటే ఇలాంటి మాటలకు మనుషుల ప్రాణాలు, ఆస్తులు ముడిపడి ఉంటాయి. హత్య జరిగిన వెంటనే, చేసిందెవరో తేలకముందే, ఆంధ్రప్రదేశ్‌లో తెలుగుదేశం పార్టీ వాళ్ళ ఆస్తుల మీద దాడులు జరిగాయి. ఎన్టీఆర్ కుటుంబం సినిమా హాళ్ళు కూడా మంటల్లో పడ్డాయి. రాజీవ్‌ను చంపిన, మద్రాసు దగ్గరి శ్రీపెరంబుదూరులో పేలిన బాంబుకు, ఇక్కడ తగలబడిన వాటికి ఏ సంబంధమూ లేదు. ఎవరో ఒకరి మీద నింద పడాలి, అది దగ్గర్లో ఉన్నవాళ్ళ మీద పడింది, అంతే.

అందుకని, విదేశీ గూఢచారుల హస్తం ఉందన్న మాట ఎదురైతే నేను పాటించే పద్ధతిని వరుసగా రాస్తున్నాను. ఏ దేశపు హత్యకైనా ఇది పనికొస్తుంది.

మొదటి అడుగు: ఆరోపణను ఒకే వాక్యంలో, క్రియాపదంతో సహా రాయండి

అన్నిటికంటే ముఖ్యమైనది ఇదే. “సీఐఏ హస్తం ఉంది” అన్నది ఆరోపణ కాదు, అనుమానం. సీఐఏ ఏం చేసిందంటున్నారు? హత్య జరగొచ్చని ఊహించిందా? జరగబోతోందని కచ్చితంగా తెలిసీ ఊరుకుందా? జరగాలని కోరుకుందా? డబ్బో ఆయుధమో ఇచ్చిందా? మనిషిని పంపి చేయించిందా? ఇవి ఐదు వేర్వేరు విషయాలు. మొదటిదానికి సాక్ష్యం చూపించి ఐదోది రుజువైపోయిందనడమే ఇలాంటి కథలన్నిటిలో జరిగే పొరపాటు.

ఈ తేడా ఎంత అసలైనదో ప్యాట్రిస్ లుముంబా కథ చూస్తే అర్థమవుతుంది. లుముంబా 1960లో స్వాతంత్ర్యం వచ్చిన కాంగోకు తొలి ప్రధాని. ఆయన్ని చంపడానికి సీఐఏ నిజంగానే పథకం వేసింది. సిడ్నీ గాట్లీబ్ అనే సీఐఏ శాస్త్రవేత్త ఆ ఏడాది సెప్టెంబరులో విషం పట్టుకుని కాంగో రాజధాని లియోపోల్డ్‌విల్‌కు వెళ్ళాడు. ఇది పుకారు కాదు. 1975లో అమెరికా సెనేట్ వేసిన చర్చ్ కమిటీ సాక్షులను విచారించి బయటపెట్టిన విషయం. కానీ ఆ విషాన్ని వాడనేలేదు. 1961 జనవరి 17 రాత్రి లుముంబాను, కాంగో నుంచి విడిపోయామని ప్రకటించుకున్న కటాంగా ప్రాంతంలో కాల్చి చంపారు. కాల్చినవాళ్ళు కటాంగా సైనికులు, పక్కన నిలబడింది బెల్జియం అధికారులు. ఆ హత్యలో సీఐఏ నేరుగా పాల్గొన్నట్టు ఆధారం దొరకలేదని అదే చర్చ్ కమిటీ రాసింది. తమ ప్రభుత్వంలో కొందరికి ఈ మరణంలో నైతిక బాధ్యత ఉందని 2001లో బెల్జియం పార్లమెంటు సంఘం తేల్చింది. 2002లో ఆ దేశం క్షమాపణ చెప్పింది. శవాన్ని యాసిడ్‌లో కరిగించిన బెల్జియం పోలీసు అధికారి ఒకడు ఆయన పన్ను దాచుకున్నాడు. ఆ ఒక్క పన్నునే 2022 జూన్‌లో కుటుంబానికి అప్పగించారు.

ఒకే హత్యలో ఒక దేశం పథకం వేసింది, ఇంకో దేశం మనుషులు అక్కడే ఉన్నారు, తుపాకీ పేల్చింది మూడోవాళ్ళు. “విదేశీ హస్తం” అన్న రెండు మాటలతో సరిపెడితే ఈ ముగ్గురి నేరాలూ ఒకే ముద్ద అయిపోతాయి, ఎవరి లెక్క వాళ్ళకు తేలదు. కాబట్టి క్రియాపదం రాయనిదే ముందుకు పోవద్దు.

రెండో అడుగు: తేలిన విషయాలను ముందు పరచుకోండి

అనుమానాల జోలికి పోయే ముందు, వివాదం లేనివాటిని తేదీలతో ఒక కాగితం మీద రాసుకోవాలి. రాజీవ్ కేసులో నా కాగితం ఇలా ఉంటుంది.

1987 జూలై 29న కొలంబోలో భారత–శ్రీలంక ఒప్పందం జరిగింది. మన శాంతి పరిరక్షక దళం శ్రీలంక వెళ్ళి, అక్కడ ప్రత్యేక తమిళ దేశం కోసం పోరాడుతున్న సాయుధ సంస్థ ఎల్టీటీఈతో యుద్ధంలో దిగింది, 1990 మార్చి నాటికి తిరిగొచ్చింది. రాజీవ్ మళ్ళీ అధికారంలోకి వస్తే సైన్యాన్ని మళ్ళీ పంపిస్తాడన్న భయం ఎల్టీటీఈకి ఉంది. 1991 మే 7న మద్రాసులో వీపీ సింగ్ సభకు హంతక ముఠా వెళ్ళి రిహార్సల్ చేసుకుంది. మే 21 రాత్రి పది దాటాక శ్రీపెరంబుదూరులో ధను అనే యువతి గంధపు దండతో రాజీవ్ దగ్గరికెళ్ళి, నడుముకు కట్టుకున్న బాంబును పేల్చుకుంది.

ముఠా తమ కోసం పెట్టుకున్న ఫోటోగ్రాఫర్ హరిబాబు కూడా ఆ పేలుడులో చనిపోయాడు. అతని కెమెరా మాత్రం పాడవలేదు. అందులోని ఫిల్ములో దండ పట్టుకుని నిలబడ్డ ధను ఉంది, విలేకరిలా తెల్ల దుస్తుల్లో ఉన్న ముఠా నాయకుడు శివరాసన్ ఉన్నాడు. ఆ కెమెరా దొరక్కపోతే ఈ కేసు ఎటు పోయేదోనని నాకు ఎప్పుడూ అనిపిస్తుంది. డీఆర్ కార్తికేయన్ నాయకత్వంలోని సీబీఐ ప్రత్యేక దర్యాప్తు బృందం, అంటే సిట్, ఆ ఫోటోల నుంచే తీగ లాగింది. ఆగస్టులో బెంగళూరు దగ్గర కోననకుంటెలో ఇంటిని చుట్టుముట్టేసరికి శివరాసన్, ముఠాలోని శుభ, మిగతావాళ్ళు ప్రాణాలు తీసుకున్నారు.

1992 మేలో వేసిన ఛార్జిషీటులో 41 మంది నిందితులు. వారిలో 12 మంది అప్పటికే చనిపోయారు. ఎల్టీటీఈ అధినేత ప్రభాకరన్, ఆ సంస్థకే చెందిన పొట్టు అమ్మాన్, అఖిల దొరకలేదు. విచారణ ఎదుర్కొన్న 26 మందికీ 1998 జనవరిలో టాడా (ఉగ్రవాద నిరోధక చట్టం) కోర్టు మరణశిక్ష వేసింది. 1999 మే 11న సుప్రీంకోర్టు నలుగురికి మరణశిక్షను, ముగ్గురికి యావజ్జీవాన్ని నిలిపి, 19 మందిని వదిలేసింది. ఆ తర్వాత మరణశిక్షలు కూడా యావజ్జీవాలయ్యాయి. 2022లో ఏడుగురూ విడుదలయ్యారు.

ఎల్టీటీఈ తరఫున ఆంటన్ బాలసింగం 2006లో ఒక భారతీయ టీవీ చానెల్‌తో మాట్లాడుతూ ఈ హత్యను పెద్ద చారిత్రక విషాదమన్నాడు, తీవ్రంగా చింతిస్తున్నామన్నాడు. ఎల్టీటీఈకి సంబంధమే లేదని వాదించేవాళ్ళు ఈ మాటకు జవాబు చెప్పాలి.

ఈ కాగితం సిద్ధంగా ఉంటే కొత్తగా వచ్చే ఏ కథనైనా దీనిపక్కన పెట్టి చూడొచ్చు. కొత్త కథ ఈ విషయాలను కొట్టేస్తోందా, వీటికి ఇంకేదైనా జోడిస్తోందా? కొట్టేస్తోందంటే కెమెరా ఫిల్ముకు కూడా సమాధానం ఇవ్వాలి. జోడిస్తోందంటే వినొచ్చు.

మూడో అడుగు: చేతిలోని కాగితం ఎలాంటిదో గుర్తుపట్టండి

“కమిషనే చెప్పింది” అంటారు. ఏ కమిషన్? ఎప్పటి రిపోర్టు? తేల్చి చెప్పిందా, ఒక సాక్షి చెప్పినదాన్ని రాసుకుందా?

రాజీవ్ హత్య మీద రెండు కమిషన్లు వేశారు. జస్టిస్ వర్మ కమిషన్ భద్రతా లోపాలను చూసింది, 1992లో నివేదిక ఇచ్చింది. జస్టిస్ మిలాప్ చంద్ జైన్ కమిషన్ కుట్ర కోణం చూసింది, దానికి దాదాపు ఏడేళ్ళు పట్టింది. సీఐఏ, ఇజ్రాయెల్ గూఢచార సంస్థ మొస్సాద్ పేర్లు మన చర్చల్లోకి ఎక్కువగా వచ్చింది జైన్ కమిషన్ ముందు జరిగిన వాంగ్మూలాల నుంచే. రాజీవ్‌కు ముప్పు ఉందని పాలస్తీనా నాయకుడు యాసర్ అరాఫత్ హెచ్చరించారన్న విషయం కూడా అక్కడిదే. ఎవరైనా కమిషన్ ముందుకొచ్చి ఏదైనా చెప్పొచ్చు, అది రికార్డులోకి ఎక్కుతుంది. రికార్డులో ఉన్నంత మాత్రాన కమిషన్ దాన్ని నమ్మినట్టు కాదు. కమిషన్ నమ్మినా అది కోర్టు తీర్పు కాదు. 1952 నాటి విచారణ కమిషన్ల చట్టం కింద వచ్చే నివేదిక ప్రభుత్వానికి ఇచ్చే సలహాయే, దాని ఆధారంగా ఎవరికీ శిక్ష పడదు.

జైన్ కమిషన్ మధ్యంతర నివేదిక 1997 నవంబరులో పత్రికలకు లీకైంది. అందులో డీఎంకే మీద ఉన్న వ్యాఖ్యలు పట్టుకుని, కేంద్ర ప్రభుత్వంలోని ఆ పార్టీ మంత్రులను తీసేయాలని, బయటి నుంచి మద్దతిస్తున్న కాంగ్రెస్ పట్టుబట్టింది. ప్రధాని ఐకే గుజ్రాల్ కాదన్నారు, ప్రభుత్వం పడిపోయింది. 1998లో వచ్చిన తుది నివేదిక ఇంకా లోతుగా దర్యాప్తు కావాలంది. దాంతో ఆ ఏడాది చివర్లో సీబీఐ కింద ఎండీఎంఏ అనే ప్రత్యేక ఏజెన్సీ పెట్టారు. విదేశాల్లోని బ్యాంకు ఖాతాల వివరాల కోసం లేఖలు రాశారు. 2022లో ఆ ఏజెన్సీని మూసేశారు. ఇన్నేళ్ళలో ఏ విదేశీ గూఢచార సంస్థ మీదా మన కోర్టులో ఛార్జిషీటు రాలేదు.

విశ్వసనీయత విషయంలో నేను పెట్టుకున్న వరుస ఇది: కోర్టులో అడ్డు ప్రశ్నలకు నిలబడిన సాక్ష్యం, తర్వాత అప్పట్లోనే రాసిన అసలు పత్రం, తర్వాత కమిషన్ సొంత నిర్ధారణ, తర్వాత కమిషన్ ముందు ఎవరో చెప్పినది, ఆ తర్వాత ఎప్పుడో రిటైరైన అధికారి ఇచ్చిన ఇంటర్వ్యూ. ఫార్వర్డులు దాదాపు ఎప్పుడూ చివరి రెండింటి నుంచే పుడతాయి.

నాలుగో అడుగు: బయటపడిన రహస్య పత్రాన్ని మొత్తం చదవండి

మా బాబాయి చెప్పే పత్రం నిజంగా ఉంది. ఈ మాట ముందు ఒప్పుకోవాలి. “అదంతా ఫేక్” అని కొట్టిపారేస్తే, తర్వాత ఆయన నా మాట ఎందుకు వినాలి? సీఐఏ 2017లో తన పాత పత్రాలు లక్షల పేజీలు ఇంటర్నెట్‌లో పెట్టినప్పుడు, 1986 మార్చి నాటి 23 పేజీల విశ్లేషణ ఒకటి వెలుగులోకి వచ్చింది. పేరు ‘ఇండియా ఆఫ్టర్ రాజీవ్’. 1989లో పదవీకాలం ముగిసేలోపు రాజీవ్ హత్యకు గురయ్యే అవకాశం కనీసం సగానికి సగం ఉందని అందులో రాశారు. ఆయన తర్వాత ఎవరు రావచ్చో కూడా చర్చించారు. వీపీ సింగ్‌తో పాటు మన పీవీ నరసింహారావు పేరు అందులో ఉంది. 1991లో పీవీయే ప్రధాని అయ్యారు కాబట్టి, తెలుగువాళ్ళకు ఆ పేజీ చదవగానే ఒళ్ళు జలదరిస్తుంది. నాకూ అలాగే అయింది.

అప్పుడే ఆగి మూడు పనులు చేయాలి.

పత్రం రాసిన రోజుకు వెళ్ళి చూడండి. 1984 అక్టోబరు 31న ఇందిరా గాంధీని సొంత అంగరక్షకులే చంపారు. పంజాబ్ మండుతోంది. ఆ పరిస్థితిలో ఆమె కొడుక్కి ప్రాణాపాయం ఉందని చెప్పడానికి రహస్య సమాచారం అక్కర్లేదు. ఆ పత్రం రాసిన ఏడాదే, అక్టోబరు 2న, రాజ్‌ఘాట్‌లో కరమ్‌జిత్ సింగ్ రాజీవ్ మీద కాల్పులు జరిపాడు. మరుసటి ఏడాది కొలంబోలో గౌరవ వందనం స్వీకరిస్తుంటే ఒక శ్రీలంక నావికుడు తుపాకీ మడమతో కొట్టాడు. ముప్పు అందరికీ కనబడుతూనే ఉంది.

ఆ పత్రం ఎక్కడ తప్పిందో చూడండి. అందులో ప్రధానంగా అనుమానించింది సిక్కు తీవ్రవాదులను, కశ్మీరీ తీవ్రవాదులను. చంపింది ఎల్టీటీఈ. అందులో లెక్కలోకి తీసుకున్న కాలం 1989 వరకు. హత్య జరిగింది 1991లో, రాజీవ్ ప్రధాని కాని రోజుల్లో. చేయించబోయేవాడు హంతకుడి పేరు, కాలం రెండూ తప్పు రాసుకుంటాడా?

ఇక మూడోది, మొదటి అడుగులో రాసుకున్న క్రియాపదం. ఈ పత్రంతో రుజువయ్యేది “ఊహించింది” అన్నదే. విదేశాల నాయకులు చనిపోతే ఏమవుతుందో ముందే అంచనా వేసి పెట్టుకోవడం గూఢచార సంస్థల రోజువారీ ఉద్యోగం. పత్రంలో కొన్ని భాగాలు నల్లగా కొట్టేసి ఉన్నాయి, నిజమే. అక్కడ ఏముందో చదవలేం కాబట్టి, అక్కడ మనకు కావలసింది ఉందని అనుకోకూడదు.

ఐదో అడుగు: “ఎవరికి లాభం?” అనే ప్రశ్నను అదుపులో పెట్టండి

దర్యాప్తు మొదలుపెట్టడానికి ఇది మంచి ప్రశ్న. దాంతోనే ముగిస్తే ప్రమాదం. పెద్ద నాయకుడు చనిపోతే పదిమందికి లాభం ఉంటుంది. ప్రత్యర్థి పార్టీకి, సొంత పార్టీలో వెనకబడినవాళ్ళకు, పొరుగు దేశాలకు, ఆయుధాల వ్యాపారులకు, అందరికీ ఏదో ఒకటి. 1991లో హైదరాబాదులో నిప్పు పెట్టినవాళ్ళు కూడా ఈ ప్రశ్నే వేసుకుని ఉంటారు.

ఆరో అడుగు: దర్యాప్తులోని లోపాన్ని దాని పరిధిలోనే ఉంచండి

రాజీవ్ కేసు దర్యాప్తులో లోపాలున్నాయి, వాటిని దాచడం నాకిష్టం లేదు. ప్రధాని పదవి పోయాక ఆయనకు ఎస్పీజీ (ప్రధానులకు ఇచ్చే ప్రత్యేక రక్షణ దళం) భద్రత తీసేశారు. సభా స్థలంలో ఎవరెవరో దగ్గరికి వచ్చేశారు. ఇంకా బాధపెట్టేది శిక్ష పడినవాళ్ళలో ఒకడైన పేరరివాళన్ విషయం. 19 ఏళ్ళ వయసులో అరెస్టయిన అతని మీద, బాంబుకు వాడిన బ్యాటరీలు కొన్నాడన్నది ముఖ్య ఆరోపణ. అతని వాంగ్మూలం నమోదు చేసిన సీబీఐ అధికారి త్యాగరాజన్ ఏళ్ళ తర్వాత, 2013లో, ఒక సంగతి ఒప్పుకున్నాడు. ఆ బ్యాటరీలు ఎందుకో తనకు తెలియదని పేరరివాళన్ చెప్పినా ఆ మాట తాను రాయలేదన్నాడు. ఒక మనిషి 30 ఏళ్ళకు పైగా జైల్లో ఉన్న కేసులో ఇది చిన్న విషయం కాదు.

అయితే ఈ లోపం దేనికి సాక్ష్యం? పేరరివాళన్‌కు పడిన శిక్ష న్యాయమైనదా అన్న ప్రశ్నకు ఇది బలమైన సాక్ష్యం. సీఐఏకో మొస్సాద్‌కో సంబంధం ఉందనడానికి ఇందులో ఏమీ లేదు. చాలా కథల్లో జరిగేది ఇదే: అధికారిక కథనంలో చిల్లు చూపిస్తారు, ఆ చిల్లులోంచి తమకు నచ్చిన దేశాన్ని లోపలికి తెస్తారు. కాబట్టి ప్రతి లోపం ఎదురుగా, ఇది సరిదిద్దితే ఏ వాక్యం మారుతుందో రాసుకోండి. విదేశీ సంస్థ పేరున్న వాక్యం మారకపోతే దాన్ని అక్కడే ఆపేయండి.

ఏడో అడుగు: ఆ పుకారు ఎక్కడ పుట్టిందో వెతకండి

మొట్టమొదట ఎవరు, ఏ తేదీన, ఏ భాషలో అన్నారో చూడాలి. ఎందుకంటే “గూఢచారులే చేయించారు” అనే కథను గూఢచారులే పుట్టించిన సందర్భాలు ఉన్నాయి. 1963లో అమెరికా అధ్యక్షుడు కెన్నడీ హత్య జరిగాక, ఆయన్ని కాల్చిన లీ హార్వీ ఆస్వాల్డ్ ‘మిస్టర్ హంట్’ అనే వ్యక్తికి రాసినట్టుగా ఒక ఉత్తరం 1975లో ప్రత్యక్షమైంది. అమెరికా రాజకీయ కుంభకోణం వాటర్‌గేట్‌తో పేరు పడ్డ సీఐఏ మాజీ అధికారి హోవార్డ్ హంట్‌కు హత్యతో సంబంధం ఉందనిపించేలా ఉంది ఆ ఉత్తరం. రష్యా నుంచి బ్రిటన్‌కు చేరిన, సోవియట్ గూఢచార సంస్థ కేజీబీ అధికారి వాసిలీ మిత్రోఖిన్ రాసిపెట్టుకున్న నోట్సు ప్రకారం, అది కేజీబీ తయారుచేసిన నకిలీ.

అదే కెన్నడీ కేసులో, క్యూబా నాయకుడు క్యాస్ట్రోను చంపించడానికి తాను వేసిన పథకాల సంగతి, ఆ హత్యను విచారించిన వారెన్ కమిషన్‌కు సీఐఏ చెప్పకుండా దాచింది. ఇదీ నిజమే, 1970ల్లో బయటపడింది. ఒక పక్క దాచినవాళ్ళు, ఇంకో పక్క నకిలీ సృష్టించినవాళ్ళు. మధ్యలో మామూలు మనిషికి అనుమానం రాకుండా ఎలా ఉంటుంది? అనుమానించినందుకు ఎవరినీ తక్కువ చేసి మాట్లాడకండి.

ఎనిమిదో అడుగు: నిజంగా రుజువైన కేసుతో పోల్చండి

విదేశీ గూఢచార సంస్థ చేయించిన హత్యలు ఉన్నాయి. అవి రుజువైనప్పుడు ఎలా ఉంటాయో తెలిస్తే, రుజువు కానిది వెంటనే తెలిసిపోతుంది. 1976 సెప్టెంబరు 21న వాషింగ్టన్‌లో కారు బాంబుతో ఓర్లాండో లెటెలియర్‌ను చంపారు. ఆయన చిలీ మాజీ మంత్రి, అక్కడి సైనిక పాలనను వ్యతిరేకించి అమెరికాలో ఉంటున్నాడు. ఆయన సహోద్యోగి రోనీ మోఫిట్ కూడా చనిపోయింది.

ఈ కేసు తేలింది పాస్‌పోర్టు ఫోటోలతో. చిలీ గూఢచార సంస్థ దీనా మనుషులిద్దరు అంతకుముందు పరాగ్వే పాస్‌పోర్టులతో దొంగ పేర్ల మీద అమెరికా వీసా తీసుకున్నారు. అక్కడి అమెరికా రాయబారికి అనుమానం వచ్చి ఆ పాస్‌పోర్టుల కాపీలు తీయించి పెట్టాడు. 1978లో ఆ ఫోటోలు పత్రికల్లో వచ్చాయి. అందులో ఒకడు మైకేల్ టౌన్లీ అని తేలింది. చిలీ అతన్ని అప్పగించింది, అతను నేరం ఒప్పుకుని సాక్ష్యం చెప్పాడు. 1993లో దీనా అధిపతి మాన్యుయెల్ కాంట్రెరాస్‌కు చిలీ కోర్టే శిక్ష వేసింది.

ఇక్కడ మనిషి పేరుంది, ప్రయాణం ఉంది, పాస్‌పోర్టు ఉంది, పంపినవాడి పేరుంది, శిక్ష ఉంది. మీ దగ్గరున్న కథలో ఇలా ఒక్క మనిషినైనా చూపించగలరా? విదేశీ సంస్థ నుంచి శివరాసన్ దాకా వచ్చిన ఒక్క మనిషిని, ఒక్క డబ్బు జాడను, ఒక్క ఉత్తరాన్ని? ఇంతవరకు నాకు అలాంటిది కనబడలేదు. రేపు ఎవరైనా చూపిస్తే నా కాగితం తిరగరాస్తాను.

తొమ్మిదో అడుగు: జవాబు రాయండి, గ్రూపులో కాదు, విడిగా

పదిమంది ముందు పెద్దవాళ్ళను తప్పుపడితే వాళ్ళు వాదనలోకి దిగుతారు. పోయినేడాది నేను బాబాయికి విడిగా ఇలా రాశాను:

“బాబాయ్, నువ్వు పంపిన పత్రం నిజమైనదే. నేను మొత్తం చదివాను. అందులో రాజీవ్‌కు ముప్పు ఉందని ఊహించారు, కానీ చంపేవాళ్ళు సిక్కులో కశ్మీరీలో అవుతారనుకున్నారు. చేయించారనడానికి అందులో ఏమీ లేదు. ఎల్టీటీఈ చేసిందనడానికి ఫోటోలున్నాయి, సుప్రీంకోర్టు తీర్పుంది. వాళ్ళ వెనుక ఇంకెవరైనా ఉన్నారా అంటే, ఉన్నారని చూపించే సాక్ష్యం ఇంతవరకు రాలేదు. నీ దగ్గర ఇంకేదైనా ఉంటే పంపు, కలిసి చదువుదాం.”

రెండు రోజులు జవాబు లేదు. మూడో రోజు రాత్రి ఫోన్ చేశాడు. “సరేరా, సీఐఏ సంగతి పక్కన పెడదాం. మరి ఆ ఎల్టీటీఈ వాళ్ళకు అంత డబ్బు, పేలుడు సామాను ఏ దేశాల మీదుగా వచ్చింది? దాని మీద మనవాళ్ళు రాసిన లేఖలకు ఎవరు జవాబిచ్చారు, ఎవరు ఇవ్వలేదు?”

అందులో క్రియాపదం ఉంది. ఆ రాత్రే ఇద్దరం కొత్త కాగితం తీశాం.